ఎర్ర మూలలో అక్క

ఆ ఆటలో ఉన్నవాళ్ళందరికీ ఆమె కట్లక్క. బోనులోకి దిగే ముందు వాళ్ళ చేతులకు కట్లు కట్టేదీ, దిగాక ఎక్కడైనా చిట్లితే రక్తం ఆపేదీ ఆమే కాబట్టి ఆ పేరు వచ్చింది. గుద్దులూ తన్నులూ కుస్తీ పట్లూ అన్నీ కలిపి ఆడే ఆట అది. చుట్టూ ఇనుప వల కట్టిన బోనులోకి ఇద్దరిని వదులుతారు. ఒకడు పడిపోయేదాకానో, ఓడిపోయానని చేత్తో నేలను తట్టేదాకానో, గడువు తీరేదాకానో కొట్టుకుంటారు. అందులో ఎంతటి మొనగాడైనా కట్లక్క ముందు చెయ్యి చాపి కూర్చుంటే చిన్నపిల్లాడైపోయేవాడు. "మరీ బిగించకక్కా, వేళ్ళు తిమ్మిరెక్కుతున్నాయి" అని గారాలు పోయేవాడు. ఆమె ఊఁ అనేది కాదు, ఉహూఁ అనేది కాదు. తన పని తాను చేసుకుపోయేది.

ఆ ఆట మీద ఆమెకు మోజేమీ లేదు. వారమంతా ఒక చిన్న క్లినిక్‌లో పుండ్లకు, కాలిన గాయాలకు, ఆపరేషన్ కుట్లకు డ్రెస్సింగ్ చేసే పని. పోటీలున్న శనివారాల్లో ఇది. నలభై ఏడేళ్ళకే కుడి భుజం పైకి లేవనని మొరాయించేది. జడ వేసుకోవడం కష్టమై జుట్టు కత్తిరించేసుకుంది. లిఫ్టులు బాగుచేసే మొగుడు సాయంత్రాలు ఆ భుజానికి మందు రాస్తూ, "ఇది కూడా పాత మోటారే, గ్రీజు పెడితే ఇంకో నాలుగేళ్ళు లాగుతుంది" అనేవాడు.

ఇందులోకి ఆమెను లాక్కొచ్చింది తమ్ముడు. ఆమెకూ వాడికీ పదమూడేళ్ళ తేడా. తండ్రి ముఖం వాడికి గుర్తులేదు. ఆమెకు గుర్తుంది గానీ తలుచుకోదు. తల్లి బట్టల మిల్లులో షిఫ్టులకు పోతే వాడిని ఎత్తుకు తిప్పిందీ, స్నానం చేయించిందీ, బడికి తీసుకుపోయిందీ అంతా అక్కే. పదహారేళ్ళప్పుడు ఒకరోజు వాడు టోపీ కళ్ళ మీదికి లాక్కుని ఇంటికొచ్చాడు. టోపీ తీసి చూస్తే కనుబొమ్మ చీలి, రక్తం ఎండి అట్టకట్టి ఉంది.

"ఎవడు కొట్టాడురా?"

"కొట్టలేదక్కా. నేర్పించాడు."

ఆమె అప్పుడే క్లినిక్‌లో చేరిన కొత్త. ఇంట్లోనే వాడిని కుర్చీలో కూర్చోబెట్టి, గాయం కడిగి, అంచులు దగ్గరికి చేర్చి అతికించింది. మచ్చ కూడా మిగల్లేదు. అది చూసి వాడి కోచ్ కబురు పంపాడు. "మీ హస్తవాసి మంచిదమ్మా. మా పిల్లలకూ కాస్త చూడండి" అన్నాడు. తమ్ముడు ఎలాగూ మానడు, వాడి పక్కన ఒకరుంటే మంచిదేలే అనుకుని వెళ్ళింది. వెళ్ళిన మనిషి అక్కడే ఉండిపోయింది. విచిత్రమేమిటంటే, నిర్వాహకులు ఆమెను పెద్ద పోటీలకు తీసుకున్నాక తమ్ముడి పక్కన నిలబడే అవకాశమే పోయింది. ఇంటివాళ్ళు ఆడే పోటీల్లో పని చేయకూడదని నియమం. వాడు దిగినప్పుడల్లా ఆమె గోడవారన నిలబడి, చేతులు కట్టుకుని చూసేది.

వాడి ఆట గొప్పగా ఏమీ సాగలేదు. గెలిచాడు, ఓడాడు, మోకాలు విరగ్గొట్టుకుని ఏడాది ఇంట్లో కూర్చున్నాడు, మళ్ళీ గెలిచాడు. ఒక గోదాములో సరుకు మోస్తూ, తెల్లవారుజామున సాధన చేస్తూ ముప్పై నాలుగేళ్ళ వాడయ్యాడు. చెవులు నలిగి నలిగి ముడుచుకుపోయాయి. ఇక వీడి పని అయిపోయిందని అందరూ అనుకుంటున్న వేళ వరసగా మూడు గెలిచి, చాంపియన్‌షిప్ పోటీకి పిలుపు అందుకున్నాడు.

ఎదురు నిలిచే చాంపియన్‌ను అందరూ పొడుగోడనే పిలుస్తారు. పట్టు దొరికితే వదలడు. కానీ కుడి కనుబొమ్మ దగ్గర చర్మం పాత గాయాలతో పలచబడి, గట్టిగా గాలి వీచినా చిట్లేట్టు ఉంటుంది. చాంపియన్‌ది ఎప్పుడూ ఎర్ర మూల, సవాలు చేసేవాడిది నీలం మూల. ఎర్ర మూలలో పని కట్లక్కది. నీలం మూలలో పనిచేసేది ఒక పెద్దాయన. ఆయన వయసు మీద పడి, కళ్ళద్దాలు ముక్కు చివరికి జారిపోతున్నా చెయ్యి మాత్రం వణకదు.

పోటీల రోజు పొద్దున్నే ఆమె నిర్వాహకుడి దగ్గరికి వెళ్ళింది.

"మా తమ్ముడి పోటీకి నన్ను తప్పించండి సార్."

"నియమం నిజమే గానీ, తప్పించి ఎవర్ని పెట్టమంటావమ్మా? వస్తానన్నవాడు జ్వరమని పడుకున్నాడు. ఉన్నది నువ్వూ, పెద్దాయనా. నిన్ను మీ తమ్ముడి వైపు వేస్తే పొడుగోడి వాళ్ళు గొడవ చేస్తారు. వాళ్ళ వైపే ఉంచితే... అది వాళ్ళనే అడగాలి."

అడిగారు. పొడుగోడి కోచ్ అంతెత్తున లేచాడు. "ఆవిడ స్వయంగా అక్క! రేపు కంచే చేను మేస్తే ఎవరికి చెప్పుకోవాలి?"

పొడుగోడు నేల మీద బోర్లా పడుకుని నడుము సాగదీసుకుంటున్నాడు. తల ఎత్తకుండానే, "కంచె సంగతి నాకు తెలుసు గురువుగారూ" అన్నాడు. "నా మొహం మీద ఏ గీత ఎప్పుడు పడిందో ఆవిడకే తెలుసు. కొత్తవాడి చేతిలో పెట్టే కంటే అక్కే నయం."

ఆ మాట విన్నాక కాదనడానికి ఆమెకు నోరు రాలేదు. వాదించే ఓపిక కూడా లేదు. రెండు రోజులుగా క్లినిక్‌లో ఊపిరాడని పని. నిలబడి నిలబడి పాదాలు వాచి ఉన్నాయి.

స్టేడియం వెనక సామాన్ల గదుల్నే ఆ రోజుకు డ్రెస్సింగ్ రూములు చేశారు. ఒక మూల మడతపెట్టిన టేబుల్ టెన్నిస్ బల్లలు, నేల మీద పరుపులు, గదంతా నొప్పుల మందు వాసన. మధ్యాహ్నం దాటకముందే పోటీలు మొదలయ్యాయి. ఆమె ఒకడి చేతులు కట్టి, ఒకడి ముక్కులో దూది పెట్టి, ఇంకొకడి వాచిన చెంపను చల్లటి ఇనుప పలకతో అదిమి, అలా గది నుంచి బోనుకూ, బోను నుంచి గదికీ తిరుగుతూనే ఉంది. మధ్యలో నడవాలో తమ్ముడు ఎదురయ్యాడు. పోటీకి కావలసిన బరువుకు తగ్గడానికి మూడు రోజులు కడుపు మాడ్చుకున్న ముఖం. బుగ్గలు లోపలికి పోయి, కళ్ళు మాత్రమే మిగిలినట్టున్నాడు.

"విన్నాను. వాడి వైపట కదా."

"ఏం చేయమంటావురా? ఎవరూ లేరట."

"ఏం లేదులే. కాస్త నిదానంగా పని చెయ్యి, చాలు" అని నవ్వాడు.

ఆమె కూడా నవ్వింది. వాడు భుజం మీద ఒకటి చరిచి వెళ్ళిపోయాడు. చరిచింది కుడి భుజం. నొప్పికి కాసేపు గోడ పట్టుకుని నిలబడింది.

అక్కడే వాడి భార్య వచ్చి కలిసింది. బట్టల దుకాణంలో పని. ఆ రోజు సెలవు దొరక్క అరపూట పని చేసి నేరుగా వచ్చింది. మెడలో దుకాణం బిళ్ళ ఇంకా వేలాడుతూనే ఉంది.

"వదినా, మళ్ళీ ఈయన్ని పిలవరు. ఇదే ఆఖరు."

"తెలుసే."

"తెలుసు కదా" అని ఆ అమ్మాయి మెడలోని బిళ్ళ తీసి గుప్పిట్లో పట్టుకుంది. "నేనేమీ అడగట్లేదు."

అడగట్లేదంటూనే అడిగినట్టయింది. "ఏమైనా తిన్నావా?" అని అడిగింది కట్లక్క.

చివరి పోటీ మొదలయ్యేసరికి జనం గొంతులు బొంగురుపోయి ఉన్నాయి. మొదటి రౌండు తమ్ముడిదే. ఆమె చాలా ఏళ్ళుగా చూస్తున్న మనిషి కాదు వాడు ఆ రోజు. అడుగు తేలిగ్గా పడుతోంది, పొడుగోడు పట్టుకోబోతే చేపలా జారిపోతున్నాడు. రెండో రౌండు చివర్లో ఇనుప వలకు అదిమిపెట్టి మోచేత్తో ఒకటి ఇచ్చాడు. ఆ దెబ్బ ఎక్కడ తగిలిందో చూడకముందే ఆమెకు తెలిసింది. కుడి కనుబొమ్మ. రక్తం ధారకట్టి కంట్లోకి దిగింది. జనం లేచి నిలబడ్డారు.

గంట మోగింది. మధ్యలో ఉన్నది ఒక్క నిమిషం. బల్ల వేసి పొడుగోణ్ణి కూర్చోబెట్టారు. బోను తలుపు దగ్గరికి డాక్టరు వచ్చి వంగి చూశాడు.

"కంట్లోకి పోతోంది. వాడికి కనబడకపోతే పోటీ ఆపేస్తాను. చూడమ్మా, ఆగుతుందా?"

ఆపేస్తే తమ్ముడు చాంపియన్. అందులో ఆమె చేయాల్సింది కూడా ఏమీ లేదు. దూదిపుల్లను సరిగ్గా చీలిక అడుగున కాక ఒక వెంట్రుకవాసి పక్కన నొక్కితే చాలు. డాక్టరుకు తెలియదు, పక్కనే నిలబడ్డ కోచ్‌కూ తెలియదు. పాత గాయం, ఆగలేదు పాపం అనుకుంటారు.

ఆమె తువ్వాలుతో తుడిచింది. మందులో ముంచిన దూదిపుల్లను చీలిక అడుగుకంటా పెట్టి, రెండో చేత్తో పొడుగోడి తల వెనక పట్టుకుని, ఒళ్ళు బరువంతా వేసి నొక్కింది. భుజం సూదులతో పొడిచినట్టుంది. "కదలకు" అంది. పొడుగోడు కదల్లేదు. అలా నొక్కుతూ ఒక్కసారి కళ్ళెత్తి చూసింది. ఎదుటి మూలలో తమ్ముడు బల్ల మీద కూర్చుని ఉన్నాడు. కోచ్ చెవి దగ్గర ఏదో అరుస్తున్నాడు. వాడు వినడం లేదు. ఆమె చేతుల వంకే చూస్తున్నాడు.

ఆమె కళ్ళు దించుకుంది. రక్తం ఆగింది. పైన వాజిలిన్ మెత్తి లేచి పక్కకు తప్పుకుంది.

ఆమె ఆ నిమిషంలో ఏమనుకుందని తర్వాత చాలామంది అడిగారు. ఏమీ అనుకోలేదు. న్యాయమనీ ధర్మమనీ పెద్ద మాటలేవీ మనసులోకి రాలేదు. వేలి కింద గాయముంటే దాన్ని మూయడం ఆ చేతులకు అలవాటు. వేరేగా చెయ్యడానికి వాటికి కొత్తగా ఏదో నేర్పాలి. అందుకు ఆ పూట ఆమెకు శక్తి లేదు.

మూడో రౌండులో తమ్ముడి ఆట మారింది. ముందుకు వెళ్ళి కొట్టాల్సినవాడు దూరంగా నిలబడి, గాయం మీద చిన్న చిన్న దెబ్బలు విసిరి వెనక్కి వచ్చేస్తున్నాడు. నీలం మూల నుంచి వాడి కోచ్ "వెళ్ళరా, వెళ్ళు!" అని గొంతు చించుకుంటున్నాడు. గాయం మళ్ళీ తెరుచుకుంది. గంట మోగాక డాక్టరు మళ్ళీ వచ్చాడు. ఆమె మళ్ళీ మూసింది. నాలుగో రౌండులో పొడుగోడికి నడుం పట్టు దొరికింది. ఇక లేవనివ్వలేదు. అయిదో రౌండు మొదలైన కాసేపటికే వెనక నుంచి మెడ చుట్టూ చెయ్యి వేసి బిగించాడు. తమ్ముడి చెయ్యి గాల్లో ఒకసారి తడుముకుని, తర్వాత నేల మీద తట్టింది.

పొడుగోడి నడుముకు బెల్టు కట్టారు. ఫొటోల వాళ్ళు చుట్టుముట్టారు. కట్లక్క తన సంచి సర్దుకుని నీలం వైపు గదికి వెళ్ళింది. తమ్ముడు పరుపు మీద కాళ్ళు చాపుకుని, మెడ మీద ఐసు పెట్టుకుని కూర్చున్నాడు. పెద్దాయన వాడి చేతుల కట్లు కత్తిరిస్తున్నాడు. ఆమెను చూసి కత్తెర పక్కన పెట్టి, దాహంగా ఉందంటూ బయటికి వెళ్ళిపోయాడు.

"మెడ తిప్పగలుగుతున్నావా?" అందామె.

జవాబు వాడి భార్య చెప్పింది.

"రెండుసార్లు వదినా. ఒకసారి ఆపారు సరే. రెండోసారి కూడానా?"

"ఆగిందే. నేనేం చెయ్యను?"

"ఆగలేదు, మీరు ఆపారు. ఊళ్ళో అందరి గాయాలూ కనబడతాయి మీకు, ఇంట్లోవాడిది తప్ప."

తమ్ముడు తల ఎత్తి, "ఇంటికి పో అక్కా" అన్నాడు. కోపంగా అన్నా బాగుండేది. అలసిపోయి, బేరం కుదరనివాడు దుకాణం మూసేసినట్టు అన్నాడు. ఆమె ఇంటికి వచ్చేసింది. మొగుడు తలుపు తీసి ముఖం చూశాడు. టీవీలో అంతా చూసే ఉంటాడు. "టీ పెట్టనా?" అని ఒక్కటే మాట అడిగాడు. ఆమె తల ఊపి, గోడకు ఆనుకుని కూర్చుని, టీ వచ్చేలోపే నిద్రపోయింది.

తర్వాత మాటలు లేవు. తమ్ముడు ఫోను చేయలేదు. కట్లక్క చేస్తే మోగి మోగి ఆగిపోయేది. తల్లి ఉండేది తమ్ముడి దగ్గరే. తల్లిని చూడ్డానికి వెళ్ళాలంటే వాడు గోదాముకు పోయిన వేళ చూసుకుని వెళ్ళేది. తల్లి ఏనాడూ పల్లెత్తు మాట అనలేదు. ఒక్కసారి మాత్రం పప్పు ఏరుతూ, "వాడికి నడక నేర్పింది నువ్వేనే" అంది. అది నిష్ఠూరమో, ఓదార్పో తెలియలేదు. తెలుసుకోవాలని అడగనూ లేదు.

అంతకంటే పొగడ్తలు ఆమెను ఎక్కువ విసిగించాయి. క్లినిక్‌లో చీటీలు రాసే అమ్మాయి వచ్చిన ప్రతి రోగికీ ఆ కథ చెప్పేది. "సొంత తమ్ముడని కూడా చూడలేదండీ!" అనేది, ఏదో ఘనకార్యంలా. కాలి పుండుకు కట్టు కట్టించుకుంటున్న ముసలాయన ఒకడు చేతులు జోడించి దండం కూడా పెట్టాడు. "కాలు కదపకండి తాతా" అందామె. రాత్రి మొగుడితో, "తిట్టేవాళ్ళు నయం. వాళ్ళకు కనీసం వాడు గుర్తున్నాడు" అంది.

పోటీలకు వెళ్ళడం మానలేదు. మానేస్తే తప్పు ఒప్పుకున్నట్టుంటుందని కాదు. పిలిచారు, వెళ్ళింది. తమ్ముడు మాత్రం మళ్ళీ బోనెక్కలేదు. గోదాములో మోత పని వదిలి సరుకు లెక్క చూసే పనికి మారాడనీ, సాయంత్రాలు పాత వ్యాయామశాలలో పిల్లలకు కుస్తీ నేర్పుతున్నాడనీ పెద్దాయన ద్వారా తెలిసింది. "బాగా నేర్పుతాడమ్మా. ఎవడికైనా అలుపొస్తే గదమాయించడు, పక్కన కూర్చోబెడతాడు" అన్నాడు పెద్దాయన.

ఏడాది తిరగవచ్చింది. తల్లికి చెవులు బొత్తిగా వినబడటం లేదని మిషను పెట్టించడానికి తీసుకెళ్ళాల్సి వచ్చింది. కోడలికి సెలవు దొరకలేదు. తల్లి ఇద్దర్నీ విడివిడిగా రమ్మంది, ఒకరికి తెలియకుండా ఒకరిని. తీరా వెళ్తే చెవుల డాక్టరు గది ముందు బెంచీ మీద అక్కా తమ్ముడూ పక్కపక్కన కూర్చోవాల్సి వచ్చింది. తల్లిని లోపలికి పిలిచారు. తలుపు వేసేశారు.

ఎదుటి గోడ మీద చెవి బొమ్మ ఒకటి వేలాడుతోంది. ఇద్దరూ చాలాసేపు దాన్నే చూశారు.

"భుజం ఎలా ఉంది?" అన్నాడు తమ్ముడు.

"ఉంది."

వాడు ముందుకు వంగి, మోచేతులు మోకాళ్ళ మీద పెట్టుకున్నాడు.

"ఆ రోజు రెండో రౌండయ్యాక నాలో ఇక ఏమీ మిగల్లేదక్కా. ఉన్నదంతా ఆ రెండింటిలోనే అయిపోయింది. కాళ్ళు నావి కావన్నట్టున్నాయి. ఎవడికీ చెప్పలేదు. బల్ల మీద కూర్చుని డాక్టరు ఆపేస్తాడని ఎదురుచూశాను."

ఆమె వాడి వైపు తిరిగింది.

"మూడో రౌండులోనూ అంతే. కొట్టడానికి కాదు, ఆపేస్తారని నిలబడ్డాను. అలా నిలబడే ఓడిపోయాను. వాడు గెలవలేదు, నువ్వు ఓడించలేదు. నాకే ఇంటికి పోవాలనిపించింది." గోడ మీది బొమ్మ వైపే చూస్తూ అన్నాడు. "ఏడాది పట్టింది ఈ మాట చెప్పడానికి. నీ మీద నెట్టేసి కూర్చుంటే తేలిగ్గా ఉండేది."

ఆమెకు చెప్పాల్సినవి చాలా ఉన్నట్టనిపించింది. దూదిపుల్ల పక్కన నొక్కితే చాలని తనకూ తెలుసుననీ, ఆ మర్నాటి నుంచి ఇప్పటిదాకా ఒక్క రాత్రీ సరిగ్గా నిద్ర పట్టలేదనీ చెబుదామనుకుంది. తీరా నోరు తెరిస్తే వచ్చింది వేరే మాట.

"మూడు రోజులు తిండి మానేసి కొట్టుకుంటే ఏం మిగులుతుందిరా?"

వాడికి నవ్వు వచ్చింది. ముడుచుకుపోయిన చెవుల దాకా నవ్వాడు. ఆమె వాడి వీపు మీద చెయ్యి వేసింది. అంత వెడల్పాటి వీపు మీద కూడా ఎముకలు చేతికి తగిలాయి.

తలుపు తెరుచుకుంది. తల్లి చెవిలో కొత్త మిషనుతో, గుడ్లు మిటకరిస్తూ బయటికి వచ్చింది. "ఏంటర్రా, అంత గట్టిగా అరుచుకుంటున్నారు? చెవులు చిల్లులు పడుతున్నాయి" అంది. నిజానికి అప్పుడు ఎవరూ మాట్లాడటం లేదు. నడవాలో కుర్చీ జరిపిన చప్పుడది.

ముగ్గురూ బస్టాపుకు నడిచారు. దారి పొడుగునా తల్లి ప్రతి హారనుకూ ఉలిక్కిపడుతూ, చివరికి విసుక్కుని మిషను తీసి సంచిలో వేసుకుంది. బస్సు ఖాళీగానే వచ్చింది. తమ్ముడు ముందు ఎక్కి తల్లిని కూర్చోబెట్టాడు. "నువ్వు కిటికీ పక్కకు జరుగు" అని అక్కకు చెప్పి తాను పక్కన కూర్చున్నాడు. బస్సు రెండు మలుపులు తిరిగేలోపే ఆమె కళ్ళు మూతలు పడ్డాయి. తాను దిగాల్సిన చోటు దాటిపోయింది. వాడు లేపలేదు. చివరి స్టాపు దాకా తీసుకెళ్ళి, అదే బస్సులో మళ్ళీ వెనక్కి తీసుకొచ్చి, ఇంటి దగ్గర లేపాడు.